ట్రోల్ 2లో ట్రోల్ ఎక్కడ? సీక్వెల్ కాని సీక్వెల్‌కి ఇంత జనం ఎందుకు?

‘ట్రోల్ 2’ అనే పాత హారర్ సినిమాని ఫోన్లో ఒంటరిగా చూసి, మీ పోస్టులో మీరు అడిగినవి మూడు. ట్రోల్ 2లో ట్రోల్ ఎక్కడుంది? మొదటి భాగం చూడకపోవడం వల్లే అర్థం కాలేదా? ఇంత అధ్వాన్నమైన సినిమాకి అమెరికాలో హాళ్ళు నిండడం ఏమిటి? నేను హైదరాబాద్‌లో ఇంగ్లీషు సినిమాలకి తెలుగు డబ్బింగ్ మాటలు రాస్తుంటాను. ఈ సినిమా పిచ్చి కూడా ఆ పని వల్లే పట్టుకుంది. కాబట్టి మూడో ప్రశ్నకి కాస్త పొడుగ్గా చెబుతాను, ఓపిక పట్టండి.

మొదటి రెండూ తేలిక. ట్రోల్ అంటే పాశ్చాత్య జానపద కథల్లో వికారంగా ఉండే ఒక రకం భూతం. ట్రోల్ 2లో అది లేదు. ఉన్నవన్నీ గాబ్లిన్‌లు, అంటే గోనెగుడ్డలు చుట్టుకుని రబ్బరు మాస్కులు తగిలించుకున్న పొట్టి భూతాలు. మొదటి భాగం పదిసార్లు చూసినా మీకు ఒరిగేదేమీ లేదు. ఈ రెండు సినిమాలకీ స్నానసూతకం కూడా లేదు. 1986లో వచ్చిన ట్రోల్, ఛార్లెస్ బ్యాండ్ నడిపిన ఎంపైర్ పిక్చర్స్ వాళ్ళది. జాన్ కార్ల్ బ్యూక్లర్ దర్శకుడు. శాన్ ఫ్రాన్సిస్కోలో ఒక అపార్ట్‌మెంట్‌లోకి ట్రోల్ దూరి, ఒక్కో వాటానీ అడివిగా మార్చేస్తూ పోతుంది. అందులో తండ్రీకొడుకులిద్దరి పేరూ హ్యారీ పాటరే. రౌలింగ్ రాసిన మొదటి హ్యారీ పాటర్ పుస్తకం అచ్చవడానికి 11 ఏళ్ళ ముందు మాట ఇది. ఇంకో తమాషా ఏమిటంటే, ఆ అమెరికా సినిమాని తీసింది ఇటలీలో. దాని ‘రెండో భాగం’ తీసిన ఇటలీ వాళ్ళేమో అమెరికా వెళ్ళి తీశారు.

ఆ ఇటలీ వాళ్ళెవరంటే, దర్శకుడు క్లౌదియో ఫ్రగాస్సో, స్క్రిప్టు రాసిన ఆయన భార్య రోసెల్లా ద్రూది. వాళ్ళ వెనకున్న కంపెనీ ఫిల్మిరాజ్, దాని యజమాని జో దామాతో అన్న పేరుతో లోకానికి తెలిసిన అరిస్తీదే మస్సచేసి. 1989 వేసవిలో యూటా రాష్ట్రంలోని మోర్గన్, పోర్టర్‌విల్ అనే చిన్న ఊళ్ళలో దిగారు. అప్పటికి సినిమా పేరు ‘గాబ్లిన్స్’. అమ్ముకునే దశకొచ్చాక, ట్రోల్ వీడియో క్యాసెట్లు బాగానే ఆడాయి కదా అని దీనికి ట్రోల్ 2 అని తగిలించారు.

ఇటలీలో ఆ రోజుల్లో ఇది తప్పు పని కింద లెక్కే కాదు. జార్జ్ రొమేరో సినిమా ఒకటి అక్కడ ‘జోంబి’ పేరుతో బాగా ఆడితే, దానితో సంబంధంలేని లూచియో ఫుల్చి సినిమాని 1979లో ‘జోంబి 2’ అని వదిలారు. శామ్ రైమీ ‘ఈవిల్ డెడ్’ అక్కడ ‘లా కాసా’ అయింది. దాని రెండో భాగం ‘లా కాసా 2’. ఆ తరువాత అవకాశం ఖాళీగా ఉందని ఇటలీ వాళ్ళే 3, 4, 5 తీసేసుకున్నారు. ఆ అయిదోది ఈ ఫ్రగాస్సో తీసిందే. కాబట్టి ట్రోల్ 2లోని ‘2’ని కథకి సంబంధించిన అంకెగా చూడకండి, అది క్యాసెట్ అట్ట మీద వ్యాపారం కోసం వేసిన అంకె. ఫ్రగాస్సో పేరు కూడా టైటిళ్ళలో కనబడదు. ‘డ్రేక్ ఫ్లాయిడ్’ అని ఉంటుంది. కొనేవాడికి అమెరికా సరుకులా అనిపించాలి కదా.

ఇక అసలు సంగతికి వద్దాం. కథ మీరు చూశారు కాబట్టి క్లుప్తంగా చెబుతాను. వెయిట్స్ కుటుంబం సెలవులకి ఇల్లు మార్చుకునే పద్ధతిలో నిల్‌బాగ్ అనే పల్లెటూరికి వెళుతుంది. పిల్లాడు జాషువాకి చనిపోయిన తాత సేత్ కనబడి, ఆ ఊరివాళ్ళు మనుషులు కారు, జాగ్రత్త అని చెబుతుంటాడు. వాళ్ళు పెట్టే పచ్చని క్రీము రాసిన తిండి తింటే మనిషి మొక్కైపోతాడు. అప్పుడు గాబ్లిన్‌లు తింటాయి. ఎందుకంటే అవి శాకాహారులు! ద్రూది తర్వాత చెప్పినదాని ప్రకారం, అప్పట్లో తన స్నేహితులు వరసగా శాకాహారులు అయిపోతుంటే ఆవిడకి చిరాకొచ్చి ఇది రాసిందట. చివరికి ఊరందర్నీ ఓడించే బ్రహ్మాస్త్రం ఏమిటంటే, పిల్లాడు వాళ్ళ ఎదుటే కొరికిన మాంసం సాండ్విచ్. (మన ఇళ్ళలో నలుగురితో కలిసి చూస్తే ఎవరో ఒకరికి కోపం వస్తుంది, ముందే చెబుతున్నాను.)

ఇంతవరకు ఇది మామూలు చవకబారు హారర్. ఇలాంటివి ఆ దశాబ్దంలో వందలొచ్చాయి, మట్టిలో కలిసిపోయాయి. ఇదొక్కటే నిలవడానికి కారణం డైలాగులని నా అభిప్రాయం. ఆ డైలాగులు అలా తయారవడానికి కారణం సెట్లో పని జరిగిన తీరు.

స్క్రిప్టు ఇటాలియన్‌లో ఆలోచించి ఇంగ్లీషులో రాసినది. రాసినావిడకి ఇంగ్లీషు అంతంతమాత్రం, దర్శకుడికీ అంతే. యూనిట్‌లో దాదాపు అందరూ ఇటలీ నుంచి వచ్చినవాళ్ళే. దుస్తులు చూసిన లారా గెమ్సర్ ఒకప్పుడు ‘బ్లాక్ ఇమాన్యుయెల్’ సినిమాల హీరోయిన్. సెట్లో ఇంగ్లీషు ధారాళంగా వచ్చింది ఆవిడకొక్కతెకే అని నటులు చెప్పుకున్నారు. నటులేమో యూటాలో చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు. కాయితం చేతికి రాగానే, ‘మా దగ్గర ఎవరూ ఇలా మాట్లాడరండీ, కొంచెం మార్చి చెప్పమంటారా’ అని అడిగారు. ఒప్పుకోలేదు. రాసింది రాసినట్టే చెప్పమన్నారు.

మా పనిలో ఉన్నవాళ్ళకి ఇది చదివితే ఒళ్ళు జలదరిస్తుంది. డబ్బింగ్‌లో మాటకి మాట పెడితే డైలాగు అక్కడే చస్తుంది. పాత్ర ఆ క్షణంలో మన భాషలో ఏమంటుందో ముందు పట్టుకుంటాం. తర్వాత పెదాలు మూసుకునే చోట ప, బ, మ లాంటి అక్షరం పడేలా సర్దుతాం, నిడివికి తగ్గట్టు కోస్తాం. స్టూడియోలో ఆర్టిస్టు ‘నోరు తిరగట్లేదు సార్’ అంటే అక్కడికక్కడే మారుస్తాం. ట్రోల్ 2 సెట్లో నోరు తిరగట్లేదని చెప్పింది ఆ భాష పుట్టుకతో వచ్చినవాళ్ళు. కాదన్నది ఆ భాష రానివాళ్ళు.

ఫలితం చూడండి. గాబ్లిన్‌ల విందు బల్ల మీద సిద్ధంగా ఉంటుంది. కుటుంబం తినబోతోంది. తాత ఆత్మ కాలాన్ని కాసేపు ఆపేసి, ఈలోగా ఏదో ఒకటి చెయ్యమంటుంది. పిల్లాడికి తోచింది ఒక్కటే, బల్లెక్కి తిండి మీద ఉచ్చ పోసేస్తాడు. తర్వాతి సీన్లో తండ్రి వాణ్ణి మేడ మీద గదికి లాక్కెళ్ళి అరుస్తాడు. ఆ మాటని ఉన్నదున్నట్టు తెలుగులో పెడితే ఇలా ఉంటుంది: ‘ఆతిథ్యం మీద ఉచ్చ పోయకూడదు! నేను ఒప్పుకోను!’ ఆ వెంటనే నడుముకున్న బెల్టు మీద చెయ్యి వేస్తాడు. కొట్టబోతున్నాడని మనం బిగుసుకుంటాం. కొట్టడు. ఆకలి బాధ తెలియకుండా బెల్టు ఒక కన్నం బిగించుకుంటున్నాననీ, అమ్మా అక్కా కూడా అదే చెయ్యాల్సి వస్తుందనీ గంభీరంగా ప్రకటిస్తాడు. ముఖంలో నవ్వు ఛాయ కూడా ఉండదు.

ఇదే సీను నా చేతికొస్తే ‘అన్నం పెట్టిన ఇంట్లో ఇదేం పాడు పనిరా!’ అని రాసేవాణ్ణి. పెదాలు కలుస్తాయి, తండ్రి కోపం వస్తుంది, ప్రేక్షకుడు తరవాతి సీన్లోకి వెళ్ళిపోతాడు, మర్నాటికి మర్చిపోతాడు. ‘ఆతిథ్యం’ డైలాగుని మాత్రం జనం ముప్ఫై ఏళ్ళు దాటినా హాల్లో తెరతో పాటు కోరస్‌గా చెబుతున్నారు, చొక్కాల మీద అచ్చేయించుకుంటున్నారు. నాలాంటివాడు ఒకడు ఆ సెట్లో ఉండి తన పని తను సక్రమంగా చేసి ఉంటే, ఈ సినిమా పేరు కూడా ఇవాళ ఎవరికీ గుర్తుండేది కాదు. వృత్తిపరంగా మింగుడుపడని సంగతే, కానీ అదే నిజం.

రెండో కారణం నటులు. చాలామంది జనంలో నిలబడే చిన్న వేషమేదైనా దొరుకుతుందేమోనని ఆడిషన్‌కి వెళ్ళినవాళ్ళు. జార్జ్ హార్డీ పళ్ళ డాక్టరు. అలాగే సరదాగా వెళ్ళాడు, తండ్రి పాత్రే చేతిలో పెట్టారు. ఊళ్ళో కొట్టు యజమానిగా వేసినాయన ఒకరున్నారు. ఆ రోజుల్లో తను మానసిక వైద్యశాలలో చికిత్సలో ఉన్నాననీ, ఆ చూపు నటన కాదనీ ఆయనే తర్వాత డాక్యుమెంటరీలో చెప్పాడు. అది తెలిశాక ఆ సీనుకి నవ్వడం నావల్ల కాలేదు. చెట్ల మధ్య ఇంట్లో మంత్రగత్తె క్రీడెన్స్‌గా వేసిన డెబొరా రీడ్ మాత్రం కళ్ళు పెద్దవి చేసి, ఒక్కో అక్షరాన్ని సాగదీసి, సినిమా మొత్తంలో తను ఏ సినిమాలో ఉన్నదో తెలిసినట్టు నటించిన ఒకే ఒక్క మనిషి.

ఇంటర్నెట్‌లో మీరు చూసే ఉంటారు, గాబ్లిన్‌లకి చిక్కిన కుర్రాడు ఆర్నల్డ్‌గా వేసిన డారెన్ యూయింగ్ కేక. కదల్లేక నిలబడి, ‘దాన్ని తినేస్తున్నారు! తర్వాత నన్నూ తినేస్తారు! ఓ మై గాడ్!’ అంటాడు. ఆ ‘గాడ్’ ఆగదు, సాగుతూనే ఉంటుంది. ఈసారి చూసినప్పుడు నుదురు గమనించండి. ఒక ఈగ వచ్చి వాలుతుంది. కెమెరా ఆగలేదు, ఇంకో టేక్ తీసుకోలేదు, ఎడిటింగ్‌లో కత్తెర పడలేదు. మొత్తం సినిమా ఎలా తీశారో ఆ ఈగ ఒక్కటి చాలు చెప్పడానికి.

ఆదరణ ఎలా పుట్టిందన్నది వేరే ముచ్చట. అమెరికాలో ఇది థియేటర్లకి రాలేదు, నేరుగా క్యాసెట్ మీదకి వెళ్ళింది, కేబుల్ టీవీలో వేళగాని వేళల్లో తిరిగింది. సినిమా బయటికొచ్చిన సంగతి, దాని పేరు ట్రోల్ 2 అన్న సంగతి నటులకే అలా తెలిసింది. చూసినవాడు తట్టుకోలేక ఇంకొకణ్ణి కూచోబెట్టి చూపించేవాడు. ఊరికొకడు, వీధికొకడు, ప్రతివాడూ ఈ నిధి తనొక్కడికే దొరికిందనుకున్నాడు. 2003లో ఎంజీఎం వాళ్ళు ఒకే డిస్కుకి ఒక పక్క ట్రోల్, ఇంకో పక్క ట్రోల్ 2 పెట్టి డీవీడీ వేశారు. ఇంటర్నెట్ వచ్చి ఈ చెల్లాచెదురు మనుషుల్ని కలిపింది. ప్రేక్షకులు సినిమాలకి మార్కులు వేసే ఐఎండీబీ అనే వెబ్‌సైటులో, అధమ చిత్రాల జాబితాలో ఇది కొంతకాలం అట్టడుగున కూర్చుంది. ఆ స్థానమే పెద్ద పబ్లిసిటీ అయింది. 2006 ప్రాంతంలో న్యూయార్క్‌లో ప్రదర్శన వేస్తే నటులు వచ్చారు, జనం బయట బారులు తీరారు. 2008లో మోర్గన్‌లోనే ‘నిల్‌బాగ్ ఇన్వేషన్’ అంటూ అభిమానులు జాతర చేశారు.

ఊరి పేరు ఇంగ్లీషు అక్షరాల్లో తిప్పి చదివితే గాబ్లిన్ అవుతుందన్న రహస్యం పిల్లాడికి అద్దంలో బోర్డు చూశాక తడుతుంది. ప్రేక్షకుడికి మాత్రం మొదటిసారి బోర్డు కనబడగానే తెలిసిపోతుంది. హాల్లో ఆ సీనుకి వచ్చే అరుపులు మన దగ్గర హీరో ఎంట్రీకి వచ్చే ఈలలకి తీసిపోవు.

పిల్లాడిగా వేసిన మైకేల్ స్టీఫెన్‌సన్ పెద్దయ్యాక దీని మీదే డాక్యుమెంటరీ తీశాడు, పేరు ‘బెస్ట్ వర్స్ట్ మూవీ’. 2009లో ఆస్టిన్‌లోని సౌత్ బై సౌత్‌వెస్ట్ ఉత్సవంలో మొదట వేశారు. నన్నడిగితే ఇది ట్రోల్ 2 కన్నా గొప్ప సినిమా. అలబామాలో అలెగ్జాండర్ సిటీ అనే ఊళ్ళో హాయిగా పళ్ళ డాక్టరీ చేసుకుంటున్న హార్డీ, తనకి అభిమానులున్నారని తెలిసి ఎగిరి గంతేస్తాడు. ఊరూరా తిరుగుతాడు. జనం తన చుట్టూ మూగిన చోట వెలిగిపోతాడు. ఇంగ్లండులో ఒక సంతలాంటి మేళాలో బల్ల వేసుకుని కూచుంటే పలకరించే దిక్కుండదు. ఇంకోచోట హారర్ అభిమానుల్ని చూసి వీళ్ళ చిగుళ్ళ ఆరోగ్యం గురించి గొణుగుతాడు. ఎంత స్టారైనా పళ్ళ డాక్టరు పళ్ళ డాక్టరే.

అందరికీ అది పండగ కాలేదు. తల్లిగా వేసిన మార్గో ప్రే ముసలి తల్లిని చూసుకుంటూ ఇంట్లోంచి పెద్దగా బయటికి రాకుండా బతుకుతూ కనిపిస్తుంది. ట్రోల్ 2ని పాత హాలీవుడ్ మేటి చిత్రాల సరసన పెట్టి మాట్లాడుతుంది. ఆవిడ వేళాకోళానికి అనడం లేదు. ఫ్రగాస్సో పరిస్థితి ఇంకో రకం. కుటుంబం గురించి, తిండి గురించి, చావుబతుకుల గురించి తను గట్టి సినిమా తీశానని ఆయన నమ్మకం. హాలు బయట బారు చూసి పొంగిపోతాడు. లోపలికెళ్ళాక, నవ్వు రావాల్సిన చోటే కాకుండా రాకూడని చోట కూడా నవ్వుతున్నారేమిటని అర్థం కాక చూస్తాడు. స్క్రిప్టు గురించి వేదిక మీద నటులు జోకులేస్తుంటే ఒళ్ళుమండి అడ్డుపడతాడు. ఆయన అహంకారి అని చాలామంది రాశారు. నాకు అలా అనిపించలేదు. చేతిలో డబ్బు లేక, భాష రాక, పరాయి దేశంలో ఒక సినిమాని పూర్తిచేసి తెచ్చినవాడికి ఆ నవ్వు ఎలా వినబడుతుందో ఊహించుకోండి.

‘అయితే మనమూ కావాలని చెత్తగా తీస్తే ఇలాగే ఆడుతుందా’ అని మీ పోస్టు కింద ఒకరు అడిగారు. మన దగ్గర 2014లో వచ్చిన ‘హృదయ కాలేయం’ గుర్తుందా? సంపూర్ణేష్ బాబుని హీరోగా పెట్టి సాయి రాజేష్ తీశాడు, టైటిళ్ళలో మాత్రం స్టీవెన్ శంకర్ అని వేసుకున్నాడు. ఫ్రగాస్సోకి డ్రేక్ ఫ్లాయిడ్ లాగా అన్నమాట, కాకపోతే ఒకాయన పేరు మార్చుకున్నది నమ్మించడానికి, ఇంకొకాయన నవ్వించడానికి. హృదయ కాలేయం నాకు ఇష్టమే, కానీ దాని జాతి వేరు. మన మాస్ సినిమాల మీద తెలిసి చేసిన వెటకారం అది. తీసినవాడూ చూసేవాడూ ఒకే పక్కన కూచుని నవ్వుకుంటారు. ట్రోల్ 2లో తీసినవాళ్ళు ఆ పక్కన లేరు. వాళ్ళు భయపెట్టాలనే చూశారు. అందుకే వెటకారం సినిమాల్ని ఒకసారి చూసి వదిలేస్తాం, దీన్ని మాత్రం ‘అసలు ఇది ఎవరికి ఎలా తట్టింది’ అనుకుంటూ మళ్ళీ మళ్ళీ చూస్తాం. మొక్కజొన్న పొత్తుని ఇద్దరూ చెరో పక్క నుంచి కొరుకుతుంటే గదంతా పేలాలతో నిండిపోయే శృంగార సన్నివేశం ఉంది చూడండి, అలాంటిది ఏ వెటకారం రచయితకీ తట్టదు.

మీరు ఒంటరిగా, ఫోన్లో చూశానన్నారు. అందుకే ఎక్కలేదు. నలుగురిని పోగేసి, పెద్ద తెర మీద, ఇంగ్లీషు మాటలు వినబడేలా చూడండి. సబ్‌టైటిల్స్ పెట్టుకోండి, కొన్ని డైలాగులు నిజంగా అలాగే అన్నారా అని అనుమానం వస్తుంది, చదువుకుంటే తీరుతుంది. డాక్యుమెంటరీ తర్వాతే చూడండి, ముందు చూస్తే వాళ్ళ మీద జాలేసి సినిమాకి నవ్వలేరు. మొదటి ట్రోల్ చూడాలనిపిస్తే విడిగా చూసుకోండి, అదో మామూలు పిల్లల ఫాంటసీ. ‘సైన్‌ఫెల్డ్’ అనే అమెరికా టీవీ కామెడీ తార జూలియా లూయీ డ్రైఫస్ తొలి సినిమాగా అదొక ముచ్చట.

ఒక జాగ్రత్త. ట్రోల్ 3 అని ఎవరైనా అంటగడితే తీసుకోకండి. ఆ పేరుతో రెండు వేర్వేరు సినిమాలు తిరుగుతున్నాయి, రెండూ ఫిల్మిరాజ్ వాళ్ళవే. ఒకటి అణు వ్యర్థాల వల్ల అడివిలో చెట్ల వేళ్ళు మనుషుల్ని చంపే కథ, ‘ద క్రాలర్స్’ అన్న పేరుతోనూ దొరుకుతుంది. ఇంకొకటి ఏటర్ అనే కత్తియోధుడి సినిమాల్లో నాలుగోది, ‘క్వెస్ట్ ఫర్ ద మైటీ స్వోర్డ్’. ఇందులో ట్రోల్ 2 తాలూకు గాబ్లిన్ వేషం ఒకటి మళ్ళీ వాడుకున్నారు, అంతకుమించి బంధుత్వం లేదు. నేను రెండూ చూశాను. రెంటిలోనూ డైలాగులు మామూలుగానే ఉన్నాయి.